ఆ గుమ్మం మంచిదే

ఒక మాటను చాలా ఏళ్ళుగా మోస్తున్నాను. నేను అన్న మాటే. టేకు దూలాలు ఎత్తిన భుజాలు నావి. ఎంత బరువైనా లారీలో వేసేస్తే దిగిపోతుంది. ఈ మాటని ఎక్కడ దించాలో తెలియలేదు. ఇంట్లో చెప్పలేదు, స్నేహితులకి చెప్పలేదు. గుళ్ళో కూడా మిగతావన్నీ చెప్పుకుని, దీని దగ్గరికి వచ్చేసరికి గబగబా తీర్థం పుచ్చుకుని బయటపడేవాణ్ణి. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెబుతున్నాను. నా పేరు మాత్రం అడగకండి.

రాజమండ్రి శివార్లలో నాకు పాత కలప అడితి ఉంది. కూల్చేసే ఇళ్ళ తలుపులు, ద్వారబంధాలు, స్తంభాలు కొని, మేకులు పీకించి, చిత్రిక పట్టించి మళ్ళీ అమ్ముతాను. నేను మొదలుపెట్టిన రోజుల్లో దీన్ని వ్యాపారం అనేవాళ్ళు కాదు. పాత సామాన్లవాడు అనేవారు. మా మావగారైతే నలుగురిలో నన్ను 'కలప వ్యాపారం' అని పరిచయం చేసి, 'పాత' అన్న ముక్క మింగేసేవారు. ఇప్పుడు చూడండి. హైదరాబాదు నుంచి ఆర్కిటెక్టులు వస్తారు, రిసార్టుల వాళ్ళు వస్తారు. సగం చెద తిన్న కిటికీ రెక్క పక్కన నిలబడి ఫొటో దిగుతారు. ఫోన్లు, కార్లు, ఫ్రిజ్జులు, రొయ్యల చెరువుల్లో తిరిగే మోటార్లు, ఏదైనా ఇప్పుడు ఒకరి చేతిలోంచి ఇంకొకరి చేతిలోకి పోవలసిందే. మధ్యలో నాలాంటివాడు ఒకడు బతుకుతుంటాడు.

ఈమధ్య ఒక కాలేజీ వాళ్ళు పిలిచి శాలువా కప్పారు. పాత వస్తువుల వ్యాపారం దేశంలో ఎలా పెరిగిపోతోందో ఒక కుర్ర లెక్చరరు తెర మీద బొమ్మలు వేసి చెప్పాడు. నేను చెట్లని కాపాడుతున్నానట. ప్రకృతి ప్రేమికుణ్ణట. ఒళ్ళు మండింది నాకు. ఎవరి మీద మండిందో ఇప్పటికీ చెప్పలేను. పాపం ఆ అబ్బాయి తప్పేముంది? ఎవరో ఒక పిల్ల లేచి, 'అమ్మేవాడు చెప్పే కథ నిజమని కొనేవాళ్ళకి ఎలా తెలుస్తుందండి?' అని అడుగుతుందేమోనని హాలంతా చూశాను. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకోవడం అంటారే, అక్కడ ఎవరూ దొంగ అనకుండానే నేను తడుముకుంటూ కూర్చున్నాను. అందరూ చప్పట్లు కొట్టారు.

కొత్త వస్తువుకి కంపెనీ ఉంటుంది, గ్యారంటీ కార్డు ఉంటుంది. పాత వస్తువుకి ఉన్నది అమ్మేవాడి నోరు ఒక్కటే. మా అడితుల్లో ఒక సామెత ఉంది. కొనేటప్పుడు వంక, అమ్మేటప్పుడు వంశం. కొనేటప్పుడు చెద పట్టిందనో, పగుళ్ళిచ్చిందనో, వంపు తిరిగిందనో ఏదో ఒక వంక పెట్టాలి. అమ్మేటప్పుడు అది ఏ పెద్దింటిదో, ఎన్ని తరాలు చల్లగా బతికిన ఇంటిదో చెప్పాలి. గుమ్మం కొనడానికి వచ్చినవాళ్ళు కర్రని తర్వాత చూస్తారు, ముందు ఇంటి సంగతి అడుగుతారు. ఎవరిదండి, బాగా బతికారా, ఎందుకు తీసేశారు? కలిసొచ్చిన ఇంటి గుమ్మమే అందరికీ కావాలి. అలాంటి ఇల్లు ఎవరు కూలుస్తారని ఒక్కడూ ఆలోచించడు.

ఇదంతా ఎందుకు చెబుతున్నాను? నా తప్పుని తీసుకెళ్ళి వ్యాపారం నెత్తిన పెడదామనా? కొంత అదే కావచ్చు. వంక పెట్టని అడితి వాడు గోదావరికి ఈ గట్టునా లేడు, ఆ గట్టునా లేడు. కానీ నేను పెట్టిన వంక లాంటిది ఎవరైనా పెట్టారని నేను వినలేదు.

నిడదవోలు దగ్గర ఒక ఊళ్ళో మంగతాయారు గారని ఒకావిడ ఉండేవారు. పెంకుటిల్లు, ముందు పొడుగాటి వసారా. ఆ వసారాలోనే ఆడపిల్లలకి కుట్టు నేర్పేవారు. ఆవిడ బతుకుతెరువు అదే. భర్త బస్సు కండక్టరు. పొద్దున్నే డ్యూటీకి బయల్దేరుతూ వీధి గుమ్మంలోనే కూలిపోయాడు. గుండెపోటు. నేను వెళ్ళేనాటికి ఆయన పోయి ఏడాది తిరగలేదు. ఇంట్లో సగం వాటా మరిదిది. అతనికి ఆ స్థలం అపార్టుమెంట్ల వాళ్ళకి ఇచ్చేయాలని ఉంది. ఆవిడకి లేదు. కుట్టు నేర్చుకునే పిల్లలు అలవాటు పడ్డ చోటు, ఇక్కడే ఉంటానన్నారు. వదిన ఎప్పటికైనా ఒప్పుకుంటుంది, కర్ర చూసి వెళ్ళమని మరిది నన్ను పిలిపించాడు.

చూశాను. స్తంభాలు మామూలువే. వీధి గుమ్మం దగ్గర నా కాళ్ళు ఆగిపోయాయి. పాత బర్మా టేకు ద్వారబంధం. పైకమ్మీ మీద చిలకలు, లతలు చెక్కి ఉన్నాయి. గోరు గుచ్చితే దిగలేదు, వేలితో కొడితే కంగుమంది. సరిగ్గా అలాంటిది కావాలని ఏటిగట్టు మీద రిసార్టు కడుతున్న ఆసామి ఒకాయన నెలల తరబడి నా వెంట పడుతున్నాడు. తెస్తానని మాటిచ్చేసి ఉన్నాను. మంగతాయారు గారు నాకు మజ్జిగ తెచ్చిచ్చి, ఇల్లు అమ్మే ఉద్దేశం లేదని నెమ్మదిగా చెప్పి లోపలికి వెళ్ళిపోయారు.

నాకు చిరాకేసింది. అలవాటు చొప్పున వంక కోసం వెతికాను. చెద లేదు, పగులు లేదు, వంపు లేదు. ఎడమ నిలువు కమ్మీలో మాత్రం కింద నుంచి పైకి ఒక నల్ల చార ఉంది. టేకుకి అలాంటి చారలు ఉంటాయి. కర్ర తెలిసినవాళ్ళు ఆ చార చూసి ముచ్చటపడతారు. నాకూ ముచ్చటేసింది. అది గుర్తుంది కాబట్టే ఈ బాధ.

బయటికొచ్చాక టీ కొట్టు దగ్గర మరిదీ, ఊరి పెద్దలు కొందరూ కూర్చున్నారు. కర్ర ఎలా ఉందని ఎవరో అడిగారు. ఆ నల్ల చార చూశారా, అది పిడుగు పడ్డ చెట్టు కర్ర అన్నాను. పిడుగు పడ్డ చెట్టుని ఇంటికి వాడకూడదంటారు. అందులోనూ వీధి గుమ్మానికి ఎవరూ పెట్టరు. ఈ సంగతి అక్కడున్న అందరికీ తెలుసు. అది నిజంగా పిడుగు చారేనా కాదా అన్నది మాత్రం నా ఒక్కడికే తెలుసు.

మరిది నాతో అలా చెప్పించాడని చెప్పుకుంటే ఎంత బాగుండును. చెప్పించలేదు. అది వినగానే అతని మొహమే పాలిపోయింది. అన్నయ్య పడింది ఆ గుమ్మంలోనే కదా అన్నాడు. ఆ సంగతి నాకు ముందే తెలుసు. తెలిసే అన్నాను.

మిగతా పని ఊరు చేసిపెట్టింది. ఆడపిల్లల్ని ఆ గుమ్మం తొక్కొద్దని తల్లులు చెప్పారు. కొన్నాళ్ళకి వసారా ఖాళీ అయింది. అప్పుడు మంగతాయారు గారు నాకు కబురు పంపారు. అమ్మేస్తారు కాబోలని హుషారుగా వెళ్ళాను. వీధి తలుపు మూసి ఉంది. గుమ్మానికి పసుపు లేదు. ఆవిడ పెరటి దారిన చుట్టూ తిరిగి వీధిలోకి వచ్చారు.

"అన్నయ్యగారూ, మీరు కర్ర తెలిసినవారు. ఊళ్ళోవాళ్ళ మాట నాకొద్దండి. ఇది పిడుగు పడ్డ కర్రేనాండి?"

నేను నోరు తెరిచేలోగా ఆవిడే మళ్ళీ అందుకున్నారు. "ఆయన వద్దన్నారండి. ఒకళ్ళింట్లో వాడేసిన గుమ్మం మనకెందుకే, వేపకర్రతో కొత్తది చేయిద్దాం అన్నారు. నేనే మొండికేశానండి. మండపేటలో ఎవరిదో ఇల్లు తీసేస్తుంటే చూసి ముచ్చటపడి, పట్టుబట్టి తెప్పించాను. ఆ గుమ్మంలోనే ఆయన పడిపోయారు. చెప్పండన్నయ్యగారూ. మీరు కాదంటే ఇంకెవరన్నా నేను విననండి."

కాదమ్మా. ఈ ఒక్క ముక్క చాలు. కర్ర మంచిదమ్మా, నేను వంక పెట్టానమ్మా అంటే అయిపోయేది. ఆ గుమ్మాన్ని ఏరికోరి తెచ్చింది ఆవిడేనని నాకు అప్పటిదాకా తెలియదు. తెలిసిన తర్వాత కూడా నా నోరు ఎందుకు పెగల్లేదు? రిసార్టు ఆసామికి ఏం చెప్పాలన్నదా? అదొక్కటే అయితే సర్దిచెప్పుకునేవాణ్ణి. నా మాట అబద్ధమని ఆ ఊళ్ళో తేలితే ఇంకే ఊళ్ళోనూ నా మాట చెల్లదు. నా వ్యాపారానికి పెట్టుబడి నా నోరే. ఇంతా చేసి నేను ఆలోచించింది దాని గురించి. ఆవిడ మొహం చూస్తూనే ఆలోచించాను.

"అవునమ్మా. పిడుగు చారే అది."

ఆవిడ ఏడవలేదు. తల ఊపారు. దీన్నేం చేయాలని అడిగారు. మీకెందుకమ్మా, తీసుకెళ్ళి గోదాట్లో కలిపేస్తానన్నాను. అబద్ధం అతికినట్టు ఉండాలంటారు కదా, అతికించేశాను. ఆవిడ నాకు దండం పెట్టారు.

కొన్నాళ్ళకే కాయితాల మీద సంతకం చేసి, పెద్దాపురంలో చెల్లెలింటికి వెళ్ళిపోయారు. ఆ ద్వారబంధం రిసార్టుకి వెళ్ళింది. పాత దివాణం వారిదండి, ఈ గుమ్మం దాటినవాళ్ళకి తిరుగుండదు అని ఆసామికి చెప్పాను. ఆయన దాన్నే అక్కడికి వచ్చినవాళ్ళందరికీ చెబుతున్నాడు. పెళ్ళికి ముందు ఫొటోలు దిగే జంటలు దాని కింద చేతులు పట్టుకుని నిలబడుతున్నారు. ఎండకి ఎండి, వానకి తడిసి కూడా ఆ కర్ర ఇన్నేళ్ళలో వెంట్రుకంత పగల్లేదు. దాన్ని చూస్తే నాకు కోపం వస్తుంది. కర్ర మీద కోపం ఏంటని అడక్కండి.

మొన్న ఒక పెళ్ళిలో ఆ మరిది కనిపించాడు. మాటల్లో వదిన సంగతి వచ్చింది. చెల్లెలి కూతురు ఇల్లు కట్టుకుంటే గృహప్రవేశానికి వెళ్ళి, లోపల అడుగు పెట్టకుండా వీధిలో షామియానా కింద కూర్చుందట. ఎంత బతిమాలినా లేవలేదట. పెళ్ళికూతుళ్ళ జాకెట్లు కుట్టమంటే కుట్టదట. తన చెయ్యి మంచిది కాదట. ఒట్టి ఛాదస్తమండి అని నవ్వి అతను పులిహోర వడ్డించుకున్నాడు. నేను పళ్ళెం అక్కడే పెట్టేసి బయటికొచ్చేశాను.

పెద్దాపురం వెళ్ళాను. ఆవిడ మిషను మీద ఏవో స్కూలు యూనిఫారాలు కుడుతున్నారు. జుట్టు బాగా నెరిసింది. అన్నయ్యగారు వచ్చారని కుర్చీ వేశారు. కూర్చోకుండానే చెప్పేశాను. పిడుగు లేదు, ఏమీ లేదు, నేను కల్పించాను, కర్ర కోసం కల్పించాను అన్నాను. నిలబడి తప్పు ఒప్పుకునే బడిపిల్లాడిలా చెప్పాను. ఆవిడ మిషను ఆపి విన్నారు. తర్వాత నవ్వారు. 'నా బాధ చూడలేక ఇంతదూరం వచ్చారు, మీ మనసు అలాంటిది' అన్నారు. కావలసిన కర్రకి ఎవరైనా పిడుగు అంటగడతారా, అంటగడితే మళ్ళీ దాన్ని కొనేదెవరని నన్నే అడిగారు. మీరు కాబట్టి ఖర్చు పెట్టుకుని గోదాట్లో కలిపారు అన్నారు.

నాకు పిచ్చెక్కినంత పనైంది. అమ్మా, నేను మోసగాణ్ణి అని గొంతు పెంచాను. కాఫీ కలుపుకొచ్చారు. ఇన్నేళ్ళకి నిజం చెప్పడానికి వస్తే దాన్ని ఎవరూ కొనడం లేదు. విసుగెత్తి ఫోన్ తీసి రిసార్టు ఫొటో చూపించాను. గోదాట్లో కలపలేదమ్మా, ఇదిగో, ఎంత చక్కగా ఉందో చూడండి, ఎవరికీ ఏమీ కాలేదు అన్నాను.

ఆవిడ ఫొటోని దగ్గరికి తీసుకుని చూశారు. చిలకల్ని చూశారు, ఎడమ కమ్మీలో చారని చూశారు. గుర్తుపట్టారు. దాని కింద ఒక కుర్ర జంట నిలబడి నవ్వుతోంది.

"ఎంత పని చేశారండీ. ఈ పిల్లలకి ఏమన్నా అయితే? ఎవరి బిడ్డలో ఏంటో. తీయించెయ్యండన్నయ్యగారూ, మీకు పుణ్యముంటుంది. నాకు జరిగింది చాలదాండి?"

మొదటిసారి ఆవిడ నన్ను కోపంగా చూశారు. నేను కోరుకున్న కోపమే. కానీ అది నేను చేసిన తప్పుకి కాదు. ఎంత చెప్పినా మళ్ళీ అక్కడికే వచ్చారు. తీయిస్తానని ఒట్టేస్తేగానీ నన్ను లేవనివ్వలేదు. వేశాను. అదీ అబద్ధమే.

ఆవిడ ఒకప్పుడు నన్ను ఒక్క ప్రశ్న అడిగారు, నా జవాబు మీద తన బతుకంతా పెట్టేశారు. ఇప్పుడు నేనే వెళ్ళి ఆ జవాబు వెనక్కి తీసుకుంటానంటే ఇవ్వరు. క్షమించమని అడగడానికి కూడా వీల్లేదు. తప్పు జరిగిందని ఆవిడ ఒప్పుకుంటేగా.

మీరైనా నమ్మండి. ఆ గుమ్మం మంచిదే. మంగతాయారు గారు ముచ్చటపడ్డది మేలైన కర్ర. ఆవిడ భర్త గుండెపోటుతో పోయారు, అందులో ఆవిడ చెయ్యీ లేదు, ఆవిడ అడుగూ లేదు. అబద్ధం నాది. మొదటిసారి ఎవరో ఒకరు నన్ను మోసగాడని అనుకుంటారు కదా అని ఇది రాస్తుంటే ఊపిరి కాస్త తేలిగ్గా ఆడుతోంది. ఆవిడ ఇవాళ కూడా ఎవరింటి ముందో వీధిలో కూర్చునే ఉంటారు. నాకు మాత్రం తేలిగ్గా ఉంది. దానికీ చిరాగ్గానే ఉంది.