బోర్లించిన గిన్నె

పదేళ్ళ కిందటి మే నెల మొదటి వారంలో నన్ను బచేలి ఇనుపరాతి గనుల టౌన్‌షిప్ గెస్ట్‌హౌస్‌లో పెద్ద వంటకి వేశారు. అంతకుముందు మూడేళ్ళు అదే వంటింట్లో చిన్న వంట చేశాను, అంటే అన్నం, పప్పు, రొట్టెలు. మా ఆయన గని మీద ఖలాసీ. ఆయన జ్వరంతో పోయాక నాకిచ్చిన పని అది. ఇచ్చారే గానీ పర్మినెంటు చేయలేదు, ఏడాదికోసారి కాగితం మార్చేవారు. ఆ వారమే నా పర్మినెంటు కాగితం సంతకానికి వెళ్ళాలి. సంతకం పడితే ఉద్యోగం, క్వార్టరు రెండూ నిలుస్తాయి. పడకపోతే పెట్టె సర్దుకుని భోపాల్‌పట్నంలో మా అన్న ఇంటి వసారాలోకి పోవాలి. నాకు పేరు రాయడం తప్ప చదువు రాదు. ఇది నేను చెబుతుంటే అప్పటి మా పక్క క్వార్టరు టీచరమ్మ రాస్తోంది.

గెస్ట్‌హౌస్ వంట ఇంటి వంట లాంటిది కాదు, దానికి కొన్ని కట్టుబాట్లు ఉంటాయి. వండినవాళ్ళే ముందు రుచి చూడాలి, ఆ తర్వాతే బేరర్ చేతికివ్వాలి. ప్రతి వంటకం నుంచీ ఒక గరిటెడు చిన్న స్టీలు గిన్నెలో తీసి, మూత పెట్టి, చీటీ అంటించి, ఫ్రిజ్‌లో ఉండే తాళం పెట్టెలో ఒక రోజంతా ఉంచాలి. దాన్ని నమూనా అంటారు. తిన్నవాళ్ళలో ఎవరికైనా తేడా చేస్తే డాక్టరు మొదట అడిగేది ఆ గిన్నే. తాళంచెవి పెద్ద వంట మనిషి దగ్గర తప్ప ఇంకెవరి దగ్గరా ఉండదు. నేను కొంగుకి ముడేసుకునేదాన్ని. చీటీ మీద రాయలేను గనుక బొమ్మ గీసేదాన్ని. వంకాయ కూరకి వంకాయ, చేపల పులుసుకి చేప. డాక్టరమ్మ నవ్వేది గానీ తప్పు పట్టేది కాదు.

ఇంకో అలవాటు గురించి కూడా చెప్పాలి. మా దగ్గర ఇనుపరాతి ఎర్రదుమ్ము గాలిలోనే ఉంటుంది. ఎంత తుడిచినా గంటకి మళ్ళీ పేరుకుంటుంది. అందుకని గని మీద పనిచేసేవాళ్ళు తిన్న గిన్నెని శుభ్రంగా నాకేసి బోర్లించి పెడతారు. మా ఆయన ఇంట్లోనూ అంతే. గిన్నె బోర్లా పడితే ఆయన భోజనం అయినట్టు లెక్క.

ఆ వారం ఢిల్లీ నుంచి తనిఖీకి ఏడుగురు వచ్చారు. మా మేనేజరు గారిది విజయనగరం. పొద్దున్నే ఫోను పట్టుకుని వంటింట్లోకి వచ్చి ఒక వీడియో చూపించాడు.

“సమ్మక్కా, భోజనం చివర్న స్వీటొద్దంటున్నారు. పళ్ళ సూపు కావాలంట. చల్లగా.”

“సూపు చల్లగా ఏంది సార్? ఆరిపోయిన చారు పోసిన్నని తిట్టరా?”

“తిట్టరమ్మా, మెచ్చుకుంటారు. నీ కాగితం మీద సంతకం చేసే పెద్దసారు కూడా ఆ ఏడుగురిలోనే, ఆ బల్ల దగ్గరే కూచుంటాడు. అది గుర్తెట్టుకో.”

అదీ సంగతి. నా క్వార్టరు ఒక గిన్నెడు చల్ల సూపు మీద ఆధారపడింది.

ఇంద్రావతి ఇసుకలో పండిన ఖర్బూజాలు అంతకు ముందు రోజే వచ్చాయి. మామిడిపళ్ళు జగదల్‌పూర్ నుంచి రావాలి. బండి దారిలో చెడిపోయిందని కబురు వచ్చింది. గెస్ట్‌హౌస్ వెనక ఒక మామిడిచెట్టు ఉంది. టౌన్‌షిప్ కట్టకముందు నుంచీ ఉన్న చెట్టు. కాయ చిన్నదే గానీ రసం ఎక్కువ. ఎండ తగిలే వైపు అప్పటికే పండుబారింది. గడకర్ర తీసుకుని నేనే వెళ్ళాను.

బుద్రి నా వెనకే వచ్చింది. ఆమె మా మసాల్చీ, అంటే తరిగి, నూరి, గిన్నెలు తోమే మనిషి. పుట్టిల్లు కోంట వైపు. దోర్లా తెగ మనిషి గనుక తెలుగు బాగానే వచ్చు. మెట్టినిల్లు కొండ కింది ఊరు. ఆ చెట్టు ఒకప్పుడు ఆమె మామగారి పెరట్లో ఉండేదట.

“కొయ్యకక్కా. మా ఊర్ల మార్కా పండుం ఇంక నాలుగు దినాలుంది.”

మార్కా పండుం అంటే మామిడి పండగ. ఆ రోజు కొత్త మామిడి ముక్కలు, బెల్లం కలిపి ఆకుదొప్పల్లో చచ్చిపోయిన పెద్దలకి పెడతారు. వాళ్ళకి పెట్టకముందు బతికున్నవాళ్ళెవరూ నోట్లో వేసుకోరు.

“నేను తింటలేనే, వండుతున్న,” అన్నాను.

“రుచి చూడవా మరి? మామిడి, బెల్లం. ఇది సూపు కాదక్కా, వాళ్ళకు పెట్టేదే. నువ్వు ముందుగాల తిన్నవనుకో, వాళ్ళ వంతు అడగనీకి నీ కాడికే వస్తరు.”

“రానీ. గిన్నెలు తోమనీకి నువ్వొక్కదానివే ఉన్నవ్. ఇంకో నలుగురొస్తే మంచిదే గద.”

బుద్రి నవ్వలేదు. రాలిన పళ్ళ మీద కాలు పడకుండా పక్కకి జరిగి, వంటింట్లోకి వెళ్ళి చేతులు కడుక్కుని, సెలవు చెప్పి ఊరికి వెళ్ళిపోయింది. ఆ రోజంతా మళ్ళీ రాలేదు.

అబద్ధమెందుకు, ఆమె మాట నాకు గుచ్చుకుంది. మా ఆయన పోయింది ఫాల్గుణంలో. మంచంలో ఉండి మామిడిపండు అడిగాడు. అప్పటికి ఇదే చెట్టున పిందెలు కట్టాయంతే. రెండు నెలలు ఓపిక పట్టమన్నాను. ఆయన పట్టలేదు. కర్మకాండ వాళ్ళన్న భద్రాచలంలో జరిపించాడు. నా చేత్తో నేను ఒక్క ముద్ద పెట్టింది లేదు.

పని మాత్రం ఆపలేదు. బెల్లం కరిగించి, ఒక పొంగు రానిచ్చి, ఇసుక లేకుండా గుడ్డలో వడగట్టి చల్లార్చాను. మామిడిరసం, మెత్తగా రుబ్బిన ఖర్బూజా కలిపి పలచటి గుడ్డలో పిండాను, పీచు ఉంటే అది సూపు కాదు, రసం. బెల్లం పాకం, నిమ్మరసం, రెండు చెంచాల అల్లం రసం, చిటికెడు ఉప్పు వేశాను. అంబలి కంటే పలచగా, మజ్జిగ కంటే చిక్కగా ఉండాలి. దీంట్లో ఒక కిటుకు ఉంది. చల్లబడేకొద్దీ నాలుకకి తీపి తగ్గుతుంది. వేడి మీద సరిపోయిందనుకున్నది చల్లారాక చప్పగా ఉంటుంది. అందుకే గిన్నెని ఐసు, ఉప్పు పోసిన తొట్టిలో మూడు గంటలు ఉంచి, పూర్తిగా చల్లబడ్డాకే రుచి చూడాలి. చూశాను. బాగా కుదిరింది. ఆ చెంచా నోట్లో ఉండగానే చెట్టు మీది పిట్టలు ఒక్కసారిగా ఊరుకున్నాయి. రోజూ కొండ మీద గనిలో రాయి పేలుస్తారు, ఆ పేలుడుకి ముందు అవి అలా ఊరుకోవడం మామూలే. కాకపోతే పేలుడు రెండింటికి. అప్పటికింకా ఒంటిగంటన్నరే.

నమూనా తీసి, మూత పెట్టి, చీటీ మీద మామిడికాయ గీసి, పెట్టెలో ఉంచి తాళం వేశాను.

రెండింటికి ఏడు గాజు గిన్నెల్లో పోసి పళ్ళెంలో వరసగా పెట్టాను. కొండ మీద సైరన్ మోగింది, వెంటనే పేలుడు. కిటికీ అద్దాలు గలగలమన్నాయి. ఎప్పుడూ ఆ అదురుకి నీళ్ళ గ్లాసుల్లో వలయాలు లేస్తాయి. ఆ రోజు ఆరు గిన్నెల్లో లేచాయి. ఏడో దాంట్లో సూపు గడ్డకట్టిన నెయ్యిలా కదలకుండా ఉంది. వేలితో గిన్నెని తట్టి చూశాను, అయినా కదల్లేదు. చూస్తూ నిలబడడానికి తీరిక లేదు. దుమ్ము పడకుండా ఒక్కో గిన్నె మీదా ఎత్తుగా ఉండే స్టీలు మూత పెట్టాను. బేరర్ గణపత్ పళ్ళెం ఎత్తుకుని వెళ్ళాడు.

గిన్నెలు వెనక్కి వచ్చాక నేనే తోమడానికి కూర్చున్నాను. ఆరు గిన్నెల్లో అడుగున కొంచెం సూపు, చెంచా ఉన్నాయి. ఏడోది పళ్ళెంలో బోర్లించి ఉంది. లోపల తోమి తుడిచినట్టుంది. చెంచా పొడిగా పక్కన ఉంది.

“ఇది నువ్వు బోర్లించినవా?” అని గణపత్‌ని అడిగాను.

“నేనెందుకు బోర్లిస్తా? పెద్దసారు ముందునుంచి అట్లనే ఎత్తుకొచ్చిన,” అన్నాడు.

నాలుగున్నరకి మేనేజరు గారు పరుగెత్తుకుంటూ వచ్చాడు. ఆ పెద్దసారుకి వాంతులు అవుతున్నాయని, డాక్టరమ్మ వచ్చిందని, నమూనాలు అడుగుతోందని చెప్పాడు. కొంగు ముడి విప్పి తాళం తీశాను. పప్పు ఉంది. కూర ఉంది. చేప ఉంది. మామిడికాయ బొమ్మ ఉన్న గిన్నె మాత్రం తన మూత మీద బోర్లా పడి ఉంది. లోపల తడి కూడా లేదు.

మేనేజరు గారు ఆ గిన్నె వైపు చూశాడు, తర్వాత నా వైపు చూశాడు.

“తాళంచెవి ఎవరికైనా ఇచ్చావా?”

“లేదు సార్.”

“మరైతే నువ్వే పారబోశావంటారమ్మా. తప్పు దాచడానికి పారబోసిందంటారు. కాగితం సంగతి మరిచిపో.”

తాళం నాదే, చెవి నాదే. నాకు తెలియకుండా నేనే తిని, అలవాటు కొద్దీ బోర్లించానేమో అని కూడా అనుకున్నాను. నోట్లో మామిడి రుచి మధ్యాహ్నం నుంచీ పోలేదు మరి.

పెద్దసారు గది ముందు వరండాలో నిలబడ్డాను. లోపల డాక్టరమ్మ ఏమేం తిన్నారని అడుగుతోంది. ఆయన ఒక్కొక్కటే చెప్పాడు. చివర్లో సూపు మాట వచ్చింది.

సూపు తాను తాగలేదన్నాడు. మూత ఎత్తేసరికి కింద గిన్నె బోర్లించి ఉందట. తనకి చక్కెర జబ్బు ఉందని ముందే తెలిసి, మర్యాదగా వద్దని అలా పెట్టారనుకున్నాడట. వంటమనిషి గుర్తుపెట్టుకున్నందుకు సంతోషించాడట కూడా.

పొద్దున ఆయన టోపీ లేకుండా కొండ మీద నాలుగు గంటలు తిరిగాడని బయటపడింది. వడదెబ్బ అని డాక్టరమ్మ తేల్చింది. మిగతా ఆరుగురికీ ఏమీ కాలేదు. నమూనా లేనందుకు నాకు హెచ్చరిక కాగితం ఇచ్చారు. హిందీలో ఉంది, గణపత్ చదివి వినిపించాడు, నా పేరు రాశాను. పర్మినెంటు కాగితం మీద మరుసటి నెల సంతకం పడింది.

బుద్రి మర్నాడు పనిలోకి వచ్చింది. జరిగినదాని గురించి నేను ఆమెకింకా ఏమీ చెప్పలేదు. గణపత్ చెప్పాడనుకుందామంటే అతనికి ఆ రోజు సెలవు. ఆమె బూడిద తీసుకుని తొట్టి ముందు కూర్చుంటూ అడిగింది.

“బోర్లిచ్చి పెట్టిండా అక్కా?”

“పెట్టిండు.”

“కడుపు నిండినట్టే పో,” అని తోమడం మొదలుపెట్టింది. నాలుగో రోజు వాళ్ళ పండగకి నన్ను తీసుకెళ్ళింది. మా ఆయన పేరున నేనూ ఒక దొప్ప పెట్టాను.

ఆ ఉద్యోగం ఇంకా ఎనిమిదేళ్ళు చేశాను. చల్ల సూపు చాలాసార్లు వండాను, ఖర్బూజాతో, నేరేడుతో, మామిడితో. వండిన ప్రతిసారీ రెండు నమూనాలు తీశాను. రుచి చూడకముందు ఒకటి, చూశాక ఒకటి. చూశాక తీసింది చీటీతో తాళం పెట్టెలోకి వెళ్ళేది. ముందు తీసింది చీటీ లేకుండా వెనక కిటికీ గట్టు మీద ఉండేది. తాళంలోది మళ్ళీ ఎన్నడూ తరగలేదు. గట్టు మీదిదీ తరగలేదు, సాయంత్రం ఎర్రదుమ్ము పట్టి ఉంటే నేనే చెట్టు మొదట్లో పోసేదాన్ని. వంటలో ముందు రుచి వంటమనిషిదని కట్టుబాట్లలో రాసి ఉంటుంది. అది తప్పు. ముందు ఎవరిదో తెలుసుకుని వాళ్ళ వంతు తీసిపెడితే, తాళం వేసినవి వేసినట్టే ఉంటాయి.