శాలువా కప్పిన మోకాలు

సన్మానాలంటే నాకు మొదటినుంచీ రోత. శాలువా కప్పేది ఒకరైతే, దాని కొస పట్టుకుని ఫోటోలో పడేది పదిమంది. కప్పించుకున్నవాడి మొహం ఆ ఫోటోలో కనపడదు. అమెరికాలో, మిషిగన్‌లోని నోవైలో మా తెలుగు సంఘం కూడా దీనికి తీసిపోయింది కాదు. అందుకే మా పక్కింటి అమెరికనాయన్ని దీపావళికి చీఫ్ గెస్ట్‌గా పిలుస్తామన్నప్పుడే నాకు మనసొప్పలేదు.

ఆయన ఒకప్పుడు ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ ఆడాడు. అమెరికన్ ఫుట్‌బాల్‌లో లైన్‌మన్. బంతి విసిరేవాడి ముందు అడ్డంగా నిలబడి, వాడి మీదికి దూకేవాళ్ళని తన ఒంటితో ఆపడమే పని. బంతి ముట్టుకునే యోగం లేదు. "ఆటంతా అయ్యేదాకా నా పేరు ఎవరూ ఎత్తకపోతే నేను బాగా ఆడినట్టు. తప్పు చేస్తేనే మైకులో పేరు వస్తుంది" అని నవ్వేవాడు. మంచు పడిన పొద్దున్న నేను పారతో తంటాలు పడుతుంటే తన స్నో బ్లోయర్‌తో మా డ్రైవ్‌వే కూడా శుభ్రం చేసేవాడు. అలా కలిసిన స్నేహం. తర్వాత మా ఇంట్లో అల్లం టీ తాగుతూ కబుర్లు.

ఆ కబుర్లు వింటే ఆ ఆట మీద నాకు అసహ్యం పుట్టింది. బరువు తగ్గకూడదని ఆకలి లేకపోయినా తినాలట. వాంతి చేసుకుని వచ్చి మళ్ళీ కంచం ముందు కూర్చోవాలట. మోకాలు వాచితే సూది పొడిచి మైదానంలోకి తోసేవారు. చివరికి ఒకరోజు ఫోన్ చేసి రావద్దన్నారు. మేపి, వాడుకుని, వదిలేశారు. ఇప్పుడాయన వంగలేడు. షూ లేసులు భార్య కడుతుంది. అయినా వీధిలో ఎవరైనా కనపడితే నిటారుగా నిలబడి, వాళ్ళు మలుపు తిరిగాకే గోడ పట్టుకుంటాడు. నొప్పి కనిపిస్తే మర్నాడు నీ చోట్లో ఇంకొకడుంటాడని కోచ్ చెప్పిన మాట ఎముకల్లో ఇంకిపోయింది.

దీపావళికి రమ్మంటే ఆయన ఒకటే అడిగాడు. "కుర్చీలో కూర్చోబెడితే వస్తాను. లేవలేకపోవడం మాత్రం ఎవరూ చూడకూడదు."

కారణం చెప్పకుండా సంఘం ప్రెసిడెంట్ గారికి విడమరిచి చెప్పాను. వంగే పని పెట్టొద్దు, నిలబెట్టొద్దు, స్పీచ్ అడగొద్దు.

"అంతా నేను చూసుకుంటా కదా మేడమ్, మీరు టెన్షన్ పడకండి" అన్నారాయన, అప్పటికే ఫోన్‌లో ఇంకెవరితోనో మాట్లాడుతూ.

స్కూల్ ఆడిటోరియంలో ప్రోగ్రామ్. ఆయన భార్య ఆ రోజు డ్యూటీ పడి రాలేకపోయింది. యాంకరమ్మ ఆయన్ని టచ్‌డౌన్ల వీరుడని పరిచయం చేసింది. జన్మలో బంతి పట్టుకుని గీత దాటి ఒక్క టచ్‌డౌన్ కూడా చేయని మనిషి తల దించుకున్నాడు. తర్వాత జ్యోతి ప్రజ్వలన. కమిటీవాళ్ళంతా చెప్పులు విదిలించేసి దీపం చుట్టూ చేరారు. ప్రెసిడెంట్ గారు ఆయన కాళ్ళవైపు చూశారు.

"సర్, షూస్ ప్లీజ్. దీపం దగ్గర నో షూస్."

ఆయన తన షూస్ వైపు చూసుకున్నాడు. నేను లేచి స్టేజీ వైపు నడిచాను కానీ వీడియో తీసేవాళ్ళు దారికి అడ్డం. ఈలోగా ఆయన తన ఒంటికి తెలిసిన ఒకే ఒక్క పద్ధతిలో వంగాడు. కాళ్ళు ఎడంగా పెట్టి, ఒక చెయ్యి నేలకి ఆనించి, రెండో చేత్తో లేసు అందుకోబోయాడు. ఆట మొదలయ్యే ముందు లైన్‌మన్లు కూర్చునేది సరిగ్గా అలాగే.

హాలంతా ఈలలు. "వావ్, మనకోసం లైవ్‌లో స్టాన్స్ చూపిస్తున్నారు" అని యాంకరమ్మ మైకులో కేక పెట్టింది. ఆయన లేవలేదు. నేలమీది చెయ్యి ఎత్తలేకపోతున్నాడు, మెడ ఎర్రబడింది. ప్రెసిడెంట్ గారు ఇదే అదను అనుకుని, వంగిన ఆ వీపు మీదే శాలువా పరిచారు, గంగిరెద్దుకి బొంత కప్పినట్టు. కమిటీ అంతా చుట్టూ చేరి పళ్ళికిలించింది. నేను కెమెరాలని తోసుకుంటూ ముందుకు నడిచాను.

ఎలాగో పైకెక్కి, ఒక కుర్చీ ఆయన చేతికి అందేలా జరిపాను. దాన్ని పట్టుకుని లేచి, జనానికి చెయ్యి ఊపాడు. ఆ షూస్‌తోనే దీపం వెలిగించాడు. అంత నియమం పెట్టినవాళ్ళలో ఒక్కరూ కిందికి చూడలేదు.

మర్నాడు వాట్సాప్ గ్రూప్ నిండా ఆ వీడియోనే. "ఉగాదికి కూడా పిలుద్దాం, ఈసారి పిల్లల్ని వీపు మీద ఎక్కిద్దాం" అని ప్రెసిడెంట్ గారి మెసేజ్. ఆయన లేవలేక అలా ఉండిపోయాడని టైప్ చేశాను. పంపితే ఆయన దాచుకున్నది నేనే నలుగురిలో పెట్టినట్టవుతుంది. ఒళ్ళు మండుతుండగానే చెరిపేశాను.

సాయంత్రం చూడ్డానికి వెళ్ళాను. సోఫాలో కాలు చాపుకుని ఉన్నాడు. వాచిన మోకాలి మీద ఐస్, అది జారకుండా చుట్టూ మా సన్మానం శాలువా.

"ఎవరికైనా తెలిసిందా?" అన్నాడు.

"లేదు. కావాలనే చేసి చూపించారనుకున్నారు."

ఆయన మొహం విప్పారింది. "అయితే బాగానే చేశాను." కొంచెం సిగ్గుపడుతూ అన్నాడు. "అన్నేళ్ళు ఆడాను. నాకోసమని జనం చప్పట్లు కొట్టడం నిన్నే మొదలు. మళ్ళీ పిలుస్తారంటావా?"

ఐస్ కరిగి శాలువా జరీ తడిసిపోతోంది.

"పిలుస్తారు" అన్నాను. నోరంతా చేదుగా ఉంది.