చేత్తో తీసుకెళ్లిన నోటీసు

డిగ్రీ చివరి సెమిస్టర్‌లో కెమిస్ట్రీ పోయిందని ఫోన్‌లో చూసినప్పుడు నాకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. నేను రాసిన పేపర్ నాకు తెలియదా? రీవాల్యుయేషన్‌కి ఫీజు కట్టి కూర్చున్నాను. కూర్చున్నాననడం అబద్ధం. కంచం ముందు ఉన్నా, బస్సులో నిలబడ్డా ఆ వెబ్‌సైటే తెరిచేదాన్ని. బీఈడీ ఎంట్రెన్స్‌లో మంచి ర్యాంకు వచ్చి ఉంది. కౌన్సెలింగ్ ముగిసేలోగా డిగ్రీ పాసైనట్టు చూపించకపోతే సీటు రాదు, ఆ ర్యాంకు మరుసటి ఏడాదికి పనికిరాదు. యూనివర్సిటీకి ఫోన్ చేస్తే "ప్రాసెస్‌లో ఉందమ్మా" అనేవాళ్లు. ఆ మాట వింటే ఒళ్లు మండేది.

మాది రాజుపాలెం దగ్గర పల్లె. నాన్న నాపరాళ్ల లారీ నడుపుతాడు. నా పోరు పడలేక నరసరావుపేటలో ఒక లాయరుగారి దగ్గరకు తీసుకెళ్లాడు. పొలం గట్ల తగాదాలు, కొట్లాట కేసులు చూసే మనిషి ఆయన. అయినా నా గోడు ఓపిగ్గా విన్నారు.

"కోర్టు నీకు మార్కులు వెయ్యదమ్మా. త్వరగా తేల్చమని వాళ్లకు చెప్పుద్ది, అంతే. ముందు నోటీసు ఇద్దాం. పలక్కపోతే హైకోర్టులో రిట్ వేద్దాం. అప్పటిదాకా ఒక సీటు ఆపి ఉంచమని కూడా అడగొచ్చు, కాకపోతే కౌన్సెలింగ్ అయిపోకముందే పోవాల. నోటీసు మాత్రం రిజిస్టర్ పోస్టులోనే పంపండి. వాళ్లకు అందినట్టు మన దగ్గర రుజువుండాల."

ఇంటికొచ్చాక నాన్న, "యూనివర్సిటీవోళ్లతో మనకు పగేందమ్మా?" అన్నాడు. ఆయన్ని అనడానికి లేదు. గట్టు తగాదా కోర్టుకెక్కినప్పటి నుంచి మాకూ పెదనాన్న వాళ్లకూ మధ్య కూరగిన్నె కూడా తిరగలేదు. మా వైపు కేసంటే పగే.

మర్నాడు, "లారీ యూనివర్సిటీ వైపే పోతంది, దారిలో పోస్టులో వేస్తాలే" అని లాయరుగారు రాసిచ్చిన నోటీసు కవరు తీసుకున్నాడు. సాయంత్రం మొహం వెలిగిపోతూ వచ్చాడు. పోస్టాఫీసుకు వెళ్లనేలేదట. ఎదుటివాడికి చెప్పకుండా కేసు వేయడం మర్యాద కాదని నేరుగా పరీక్షల విభాగానికే వెళ్లి, అక్కడి క్లర్కుకు నమస్కారం పెట్టి, "మా పిల్ల కేసేస్తానంటంది సార్, మనసులో పెట్టుకోబాకండి" అన్నాడట. ఆయన కుర్చీ వేయించి, టీ తెప్పించి, "నోటీసులెందుకయ్యా, వారంలో రిజల్టు వచ్చుద్ది" అని కవరు తిరిగి చేతిలో పెట్టాడట.

"చానా మంచోడమ్మా," అన్నాడు నాన్న.

"మరి రుజువేది నాన్నా?"

"మాటిచ్చాడు గదా. మళ్లా నోటీసంటే ఆయన మొహం ఎట్టా చూస్తాం? వారం ఆగు."

ఆ వారం నేను ఇంట్లో కాలు నిలవకుండా తిరిగాను. అమ్మ నన్ను చూసి విసుక్కుంది. వారం పోయింది, వెబ్‌సైట్ మారలేదు. కౌన్సెలింగ్ గడువు కూడా దాటిపోయింది. అప్పుడు నేనే పోస్టాఫీసుకు వెళ్లి నోటీసు పంపాను. పలకలేదు. రిట్ వేశాం. ఫలితం వెంటనే ఇవ్వమని హైకోర్టు చెప్పగానే ఇన్నాళ్లు ప్రాసెస్‌లో ఉన్నది బయటికొచ్చింది. పాసయ్యాను.

లాయరుగారు ఫోన్‌లో అన్నారు: "సీట్లు నిండినాయమ్మా. ముందే వేసుంటే ఒకటి ఆపించేవాళ్లం."

ఆ సాయంత్రం నాన్న రెండు స్వీటు బాక్సులు తెచ్చాడు. ఒకటి ఇంటికి.

"రెండోది ఆ క్లర్కు సారుకు ఇచ్చొస్తా. కేసు అయిపోయింది గదా, మనకు పగ లేదని తెలవాల."

"నాకుంది నాన్నా," అన్నాను.

నాన్న చేతిలో బాక్సు కింద పెట్టాడు. తర్వాత నెమ్మదిగా అడిగాడు.

"ఆయన మీదేనా అమ్మా?"

ఫోన్ తీసి, వచ్చే ఏడాది ఎంట్రెన్స్ నోటిఫికేషన్ ఏమైనా పడిందేమోనని వెతకడం మొదలుపెట్టాను.