రైల్వే చెట్లు

తార్నాకలో మా గల్లీకి రెండు వైపులా ఉన్న ఏడాకుల పాల చెట్లను మావాళ్లు మొన్నమొన్నటిదాకా రైల్వే చెట్లనేవాళ్లు. వాటికీ రైళ్లకూ ఏ సంబంధమూ లేదు. పదేళ్ల కిందట వాటిని నాటినప్పుడు కాలనీ సంఘానికి అధ్యక్షుడిగా ఉన్న పెద్దాయన రైల్వేలో పనిచేసి రిటైరయ్యారు, అంతే. దసరా దగ్గరపడగానే ఆ చెట్లు పూస్తాయి. చీకటి పడేసరికి ఘాటైన వాసన కిటికీల్లోంచి ఇళ్లలోకి వచ్చి కూర్చుంటుంది. కొందరికి తలనొప్పి, కొందరికి దగ్గు. అప్పుడందరూ ఆయన్ని తలుచుకునేవాళ్లు. "రైల్వే ఆయన పెట్టిపోయిండు. ఆయన మాత్రం మౌలాలిల సల్లగున్నడు. వాసన మనకు" అనేవాళ్లు.

ఆ చెట్లను ఎంచింది ఆయన కాదు, నేను. ఈ వేసవిదాకా ఆ మాట చెప్పలేదు.

నేను చెట్ల గురించి చదువుకున్నవాణ్ని. క్యాంపస్‌లో బాటనీ ఎమ్మెస్సీ చేశాను. అప్పట్లో వారాసిగూడలో ఒక గదిలో ఉండేవాళ్లం, మా ఊరి వైపు కుర్రాళ్లం నలుగురం. పొద్దున్నే నడుచుకుంటూ క్యాంపస్‌లోకి వచ్చేవాణ్ని. గల్లీల ఇరుకు దాటి చెట్ల కిందికి రాగానే ఒంటి మీది చొక్కా వదులైనట్టుండేది. ఎండాకాలం మొదట్లో కానుగ పూత బాట నిండా పేలాలు పోసినట్టు రాలేది. నిద్రగన్నేరు కాయలు చెప్పుల కింద పటపటమని విరిగి జిగురు అంటుకునేది. గుల్‌మొహర్ ఎర్రగా విచ్చుకుందంటే పరీక్షలు దగ్గరపడ్డట్టే. నాలాగా ఏడాదంతా తార్నాక చౌరస్తాలో చాయ్ తాగుతూ గడిపినవాళ్లకు ఆ ఎరుపు చూస్తే గుండె దడ వచ్చేది.

కానీ నాకు ఎక్కువ గుర్తున్నది సీమ తంగేడు. హాస్టళ్ల వెనక దారిలో ఉండేవి. వానలు వెనకబట్టేసరికి కొమ్మ కొమ్మకూ పసుప్పచ్చ గుత్తులు. బతుకమ్మ రోజుల్లో హాస్టల్ అమ్మాయిలకు అసలు తంగేడు ఎక్కడ దొరుకుతుంది? బజారులో కట్టలు కొనే స్తోమత ఎవరికీ లేదు. అందుకని సీమ తంగేడునే తంగేడు అనుకునేవాళ్లు. ఊళ్ల నుంచి వచ్చిన కొందరికి మాత్రం మనసొప్పేది కాదు. "గిది తంగేడు గాదే, తంగేడుకు సవితి" అనేవాళ్లు. అంటూనే కోసుకుపోయేవాళ్లు.

ఒక ఏడు నేను చెట్టెక్కి పూలు విరిచి వేస్తుంటే కింద చున్నీ పట్టుకుని నిలబడ్డ అమ్మాయి తలెత్తి గట్టిగా అరిచింది.

"ఏయ్ బాటనీ! పూలు అడిగితె పురుగులు రాల్పుతున్నవేంది?"

"పురుగులకు గూడ పండుగ ఉండొద్దా?" అన్నాను పైనుంచి.

"దిగు, నీకు జేస్త పండుగ."

అంతలో వాచ్‌మన్ విజిల్ వినిపించింది. అమ్మాయిలందరూ పరుగు. నేను తొందరలో జారి మోచేయి గీసుకున్నాను. ఆ చున్నీ అమ్మాయి ఒక్కతే పారిపోకుండా నా చెప్పులు పట్టుకుని ఎదురుచూసింది. తర్వాత నా భార్య అయింది.

పెళ్లయి, నాకు ఒక డిగ్రీ కాలేజీలో ఉద్యోగం దొరికాక ఇల్లు వెతికాం. ఆమె మా గల్లీలోకి అడుగు పెట్టి ఇంటి లోపలికి కూడా పోలేదు. రెండు వైపులా సీమ తంగేడు చెట్లు. "గీడనే" అంది. లోపల వంటగది చీకటిగా ఉందని నేను అంటే వినలేదు.

ఎదురిల్లే ఆ రైల్వే పెద్దాయనది; నేను ఆయన్ని రైల్వే అన్న అనేవాణ్ని. అన్న భార్యను నా భార్య అక్కా అని పిలిచేది. ఇద్దరూ కలిశారంటే గల్లీకి బతుకమ్మ వచ్చినట్టే. అక్క తాంబాలంలో గుమ్మడాకు పరిచి గునుగు, బంతి, సీమ తంగేడు వరసలు పేరుస్తుంటే, నా భార్య పక్కన కూర్చుని కాడలు కత్తిరించి అందించేది. సాయంత్రం గల్లీ మధ్యలో ఆట. స్కూటర్లన్నీ పక్కకు. చివరి రోజు ప్రసాదంగా చేసే సద్దులు ఈ ఇంటి నుంచి ఆ ఇంటికి, ఆ ఇంటి నుంచి ఈ ఇంటికి. అక్క చేసే నువ్వుల సద్ది కోసం నేను ఆట అయిపోయేదాకా గేటు దగ్గరే తచ్చాడేవాణ్ని.

తర్వాత నేను కారు కొన్నాను.

జరిగిందంతా ఆ కారుతోనే మొదలైంది. తెల్ల కారు. ఇంట్లో చోటు లేక గేటు బయట, చెట్టు కింద పెట్టేవాణ్ని. ఆ ఏడు బతుకమ్మ తెల్లవారుజామున పక్క గల్లీ నుంచి కూడా ఆడవాళ్లు, పిల్లలు పూలకు వచ్చారు. ఎవరో నా గోడ ఎక్కారు. ఎవరో పెద్ద కొమ్మ వంచారు. అది విరిగి కారు బానెట్ మీద పడింది. సొట్ట చిన్నదే. గీత మాత్రం ఈ చివర నుంచి ఆ చివరకు. నేను బయటికొచ్చేసరికి నా భార్య నవ్వుతూ కొంగు నిండా పూలు ఏరుకుంటోంది. "కారుకు గూడ బతుకమ్మ పేర్చిన్రు" అంది. నాకు నవ్వు రాలేదు.

ఆ తర్వాతి ఎండాకాలం కాలువ పైపుల కోసం గల్లీ తవ్వారు. వేర్లు తెగి చాలా చెట్లు ఒరిగాయి. సంఘంలో కొత్త చెట్ల మాట వచ్చింది. రైల్వే అన్న నన్ను ఇంటికి పిలిచారు.

"సారూ, చెట్లకు డాక్టరువు నువ్వే. ఏం పెడ్దాం? నన్నడిగితె మల్ల సీమ తంగేడే పెడ్దామంట. ఆడోళ్లు కుషీగుంటరు."

నేను కాలేజీలో పాఠం చెప్పే గొంతు తెచ్చుకున్నాను. సీమ తంగేడు కొమ్మలు ఇట్టే విరుగుతాయన్నాను. వీధికి నిటారుగా పెరిగే చెట్టు కావాలన్నాను. ఏడాకుల పాల అయితే గొడుగు మీద గొడుగు పెట్టినట్టు అంతస్తులుగా పెరుగుతుంది, ఏడాదంతా పచ్చగా ఉంటుంది, మేకలు ముట్టవు, విరిస్తే పాలు కారి చేతులకంటుకుంటాయి కాబట్టి మనుషులూ ముట్టరు అన్నాను. ఆ చివరి మాట కోసమే మిగతావన్నీ చెప్పానని ఆయనకు తెలియదు. విరిచినకొద్దీ చిగురించే చెట్టు సీమ తంగేడు అని నాకు తెలుసు, చెప్పలేదు. పాల చెట్టు పూత వాసన కూడా తెలుసు. క్యాంపస్‌లో ఒక మూల ఒకే ఒక్క చెట్టు ఉండేది. దాని కింది నుంచి పోతూ వాసన బాగుందనుకునేవాళ్లం. అంత పెద్ద ఆవరణలో ఒక చెట్టు వేరు, ఇరుకు గల్లీలో ఇంటింటికీ ఒకటి వేరు. అది మాత్రం నిజంగానే తోచలేదు. పువ్వు తెంపలేని చెట్టు కావాలన్న పట్టుదలలో పువ్వు సంగతే ఆలోచించలేదు.

లేచి వస్తూ ఇంకో మాట కూడా అన్నాను. "అన్నా, మీటింగుల నా పేరు తియ్యకు. నువ్వే అనుకున్నట్టు చెప్పు. మా ఇంట్ల పంచాది అయితది."

ఆయన నవ్వారు. "పెండ్లాం భయమా సారూ? సరె, నా మీదెయ్యి. రైల్వేల ఎన్ని మోసిన, గిదొక బరువా?"

మీటింగులో ఆయన చెప్పారు. ఆడవాళ్లు గొడవ చేశారు. అందరికంటే గట్టిగా నా భార్యే మాట్లాడింది. నేను చివరి కుర్చీలో కూర్చుని ఫోన్ చూసుకున్నాను. చెట్లు పెట్టేశారు.

అవి తొందరగా ఎదిగాయి. మూడో నాలుగో ఏడు పూత మొదలైంది, అదీ సరిగ్గా పండుగ రోజుల్లోనే. ఆ సాయంత్రం ఆట మధ్యలో ఒకామె దగ్గుతూ పక్కకు పోయింది. మరొకామె ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుంది. నా భార్య చప్పట్లు ఆపి అందరి ముందూ అక్కను అంది.

"మీ ఆయనకు పూలంటె పడదని ముందే చెప్తె అయిపోతుండె గదక్కా. బతుకమ్మ ఆడుడే బందు వెడుతుంటిమి."

అక్క మొహం చిన్నబోయింది. "మా ఆయనకేం ఎరుక చెల్లే గీ చెట్ల సంగతి? ఎవలో చెప్పిన్రు, పెట్టిండు."

"ఎవలు చెప్పిన్రు మరి? పేరు చెప్పు."

అక్కకు తెలుసో లేదో నాకు ఆ రోజు అర్థం కాలేదు. ఆమె గేటు దగ్గర నిలబడ్డ అన్న వైపు చూసింది. అన్న నా వైపు చూశారు. నేను కారు మీద రాలిన పూత తుడవసాగాను.

ఆ ఏడు సద్దులు గల్లీ దాటలేదు. మరుసటి ఏడు ఆడవాళ్లు ఫంక్షన్ హాల్ మాట్లాడుకున్నారు. డీజే పెట్టుకుని ప్లాస్టిక్ పూల బతుకమ్మ చుట్టూ ఆడారు. అక్కను ఎవరూ పిలవలేదు. నా భార్య కూడా. కొన్నాళ్లకు అన్నావాళ్లు మౌలాలిలో కూతురి ఇంటి దగ్గరికి మారిపోయారు. సామాను లారీ ఎక్కుతుంటే నేను సాయం పట్టాను. అన్న బీరువా అటు పట్టుకోమని మాత్రం అన్నారు.

పోయిన వానాకాలం గాలివానకు కరెంటు తీగల వైపు పాల చెట్లు కొన్ని కూలాయి. తీగలకు తగులుతున్నాయని మిగిలినవాటిలో కొన్నిటిని మున్సిపాలిటీ వాళ్లు తీసేశారు. ఖాళీల్లో ఏం పెట్టాలని ఈ వేసవిలో మీటింగు పెట్టారు. కొత్తగా వచ్చిన సెక్రటరీ లేచి, "ఈసారి ఆ రైల్వే ఆయన లెక్క ఎవలో తెల్వనోళ్లు చెప్పుడొద్దు. సారు ఉన్నడు గద, సారునే అడుగుదాం" అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నా భార్య కూడా కొట్టింది. ఆమె మొహంలో గర్వం చూశాను. దాన్ని చూసి తట్టుకోలేకపోయాను.

ఇంటికొచ్చాక చెప్పాను. వంటగదిలో, ఆమె బియ్యం కడుగుతుంటే. కారు సంగతి, నా పేరు తీయొద్దన్న సంగతి, అన్నీ. ఆమె గిన్నె దించి చాలాసేపు నల్లా అలాగే వదిలేసింది.

"చెట్టెక్కి పూలు విరిచిచ్చినోనివి నువ్వేనా?" అంది చివరకు. నల్లా కట్టి, చేతులు తుడుచుకుని, "ఆటో పిలువు" అంది.

"ఎక్కడికి?"

"మౌలాలికి. అక్కను నేను నోటికొచ్చినట్టు అన్న. నువ్వు అనిపిచ్చినవు."

అక్క తలుపు తీసింది. నా భార్యను చూసి లోపలికి రమ్మనలేదు, పొమ్మనలేదు. లోపల కుర్చీలో అన్న, బాగా చిక్కిపోయి, చేతికర్ర పక్కన. నేను నిలబడే చెప్పాను. అక్క ఆయన వైపు తిరిగింది.

"నాకు గూడ చెప్పలేదు నువ్వు. ఎవలో పెద్ద ఆఫీసరు చెప్పిండు అన్నవు."

"మాటిచ్చిన గదనే," అన్నారు అన్న. తర్వాత నాతో, "సారూ, నాకు కోపం లేదనుకుంటున్నవేమో. ఉన్నది. మస్తున్నది. ఒక్కసారన్న నువ్వు లేసి చెప్తవని చూసిన. పదేండ్లు చూసిన. గిప్పుడు గీ నాలుగు గోడల మధ్యల చెప్తె ఏమొస్తది? గల్లిల చెప్పు."

"చెప్త అన్నా."

"చాయ్ తాగిపో," అన్నారు. అక్క చాయ్ పెట్టింది. నా భార్య వంటింటి గుమ్మం దాకా పోయి ఆగిపోయింది. లోపలి నుంచి అక్క గొంతు వినబడింది: "గాడ నిలవడ్డవేంది? చక్కెర డబ్బ అందియ్యి." ఆ రోజుకు అంతే. వచ్చేటప్పుడు అక్క గేటు దాకా రాలేదు.

తర్వాతి మీటింగులో చెప్పాను. అనుకున్నంత గొడవేమీ కాలేదు. ఎవరో, "అంటె ఇన్నేండ్ల సంది తలకాయ నొప్పి సారుదా?" అన్నారు. అందరూ నవ్వారు. ఆ నవ్వు తిట్టుకంటే ఎక్కువ తగిలింది. అయినా చెట్లు చెప్పమన్నారు. ఈసారి గొంతు మార్చకుండా చెప్పాను. తీగల కింద దేవకాంచనం పెడదాం, మరీ ఎత్తు పోదు, ఊదా పూలు పండుగ వేళకు వస్తాయి. అటువైపు సీమ తంగేడు. కొమ్మలు విరుగుతాయి, చెత్త ఊడ్చుకోవాలి, కార్లు దాని కింద పెట్టొద్దు. మిగిలిన పాల చెట్లను కొట్టొద్దు, తప్పు వాటిది కాదు. నా భార్య చేయెత్తి, "కారు ఎవలదైనా పెట్టొద్దా?" అని అడిగింది. మళ్లీ నవ్వులు.

మొక్కలు తొలి వానలకు నాటారు. ఈ బతుకమ్మకు అవి ఇంకా నడుమెత్తు కూడా లేవు. పండుగ పొద్దున ఇద్దరం క్యాంపస్‌కు పోయాం. హాస్టళ్ల వెనక దారిలో పాత చెట్లు కొన్నే ఉన్నాయి. ఎక్కే వయసు కాదు. కొక్కెం కర్రతో కొమ్మ వంచి గుత్తులు తెంపుతుంటే నడుం పట్టేసింది. ఆమె కొంగు పట్టుకుని నిలబడింది. పురుగులు రాలాయి. ఈసారి ఆమె అరవలేదు, దులుపుకుంది. నా మీద ఆ కోపం ఇంకా పూర్తిగా పోలేదని నాకు తెలుసు.

సాయంత్రం గల్లీలోనే ఆట పెట్టారు. అన్నా అక్కా ఆటోలో దిగారు. అక్క తన బతుకమ్మను నా భార్య బతుకమ్మకు కొంచెం దూరంగా దించింది. ఆట మొదలయ్యేలోపు నా భార్య లేచి తన తాంబాలాన్ని దాని పక్కకు జరుపుకుంది. అక్క అది చూసింది.

కాసేపటికి గాలి తిరిగి పాల పూత వాసన వచ్చింది. అక్క చప్పట్లు ఆపి ముక్కు మూసుకుని నా వైపు తిరిగింది.

"సారూ, మీ చెట్టు వాసనొస్తుంది."

అందరూ విన్నారు. కుర్చీలో కూర్చున్న అన్న కర్ర నేలకు తట్టి నవ్వారు. ఆ రాత్రి నుంచి మా గల్లీలో ఎవరూ వాటిని రైల్వే చెట్లనడం లేదు. సారు చెట్లంటున్నారు.