ఇల్లు పొద్దున్నే చూపిస్తారు

నేను తీసిన డాక్యుమెంటరీని ముందుగా చూసేది అందులో ఉన్నవాళ్ళే. వాళ్ళు వద్దన్న ముక్క తీసేస్తాను, బతిమాలను. "నువ్వు డైరెక్టర్‌వా, పంచాయితీ పెద్దవా?" అని తోటివాళ్ళు ఆటపట్టిస్తారు. పట్టించనివ్వండి! ఇన్నేళ్ళుగా పటాన్‌చెరు చుట్టుపక్కల కెమెరా వేసుకుని తిరుగుతున్నాను. ఒక్క ఇంటి తలుపూ నా మొహాన పడలేదంటే ఆ పద్ధతి వల్లే.

ఒక్కసారి మాత్రం అదే నన్ను ఇరకాటంలో పెట్టింది. ఫ్యాక్టరీల వెనక ఓ కాలనీ. పొద్దుగూకితే చాలు, కుళ్ళిన గుడ్లలో స్పిరిట్ కలిపినట్టు వాసన, గొంతు మంట. తనిఖీకి వచ్చే ఆఫీసరు సార్లు పొద్దున్నే వచ్చి, "వాసనేదీ?" అని వెళ్ళిపోతారు. నా కెమెరాకూ వాసన అందదు కదా! ఎన్ని పొగగొట్టాలు తీసినా లాభం లేకపోయింది.

చివరికి దాన్ని పట్టిచ్చింది ఒక ఇంటావిడ. భర్త పోయాక పై పోర్షన్ మీద వచ్చే కిరాయే ఆమెకు ఆధారం. కెమెరా ముందు టీ పోస్తూ నవ్వుతూ చెప్పింది.

"ఇల్లు సూడొస్తమంటే పొద్దుగాల్నే రమ్మంట బిడ్డా. పొద్దూకినంక ఎవరన్న వస్తే జల్దీ సాంబ్రాణి ఏస్త."

నా సినిమా మొత్తం ఆ మాట మీదే నిలబడింది.

ఎడిటింగ్ అయ్యాక ఓ సాయంత్రం వాళ్ళింట్లోనే ల్యాప్‌టాప్‌లో చూపించాను. ఆ మాట రాగానే ఆమె మొహం మాడిపోయింది.

"గా మాట తీసెయ్. పైన ఇల్లు ఎప్పటిసందో ఖాళీ. ఇది సూస్తే ఇగ ఎవరొస్తరు? నేనెట్ల బతకాలె?"

నాకు ఒళ్ళు మండింది, అబద్ధమెందుకు? ఆమె మీద కాదు, ఆమె చేత ఈ దాపరికం చేయిస్తున్నవాళ్ళ మీద. "సరే పెద్దమ్మా, తీసేస్తా" అన్నాను. మాటంటే మాటే.

అంతలో గేటు చప్పుడైంది. టులెట్ బోర్డు చూసి ఓ జంట వచ్చింది. భార్య చంకలో చంటిబిడ్డ. ఇంటావిడ సంబరంగా లేచి, అలవాటు కొద్దీ సాంబ్రాణి డబ్బా అందుకుంది. అప్పటికే వాసన మొదలైంది. బిడ్డ దగ్గాడు, మళ్ళీ దగ్గాడు.

ఆమె డబ్బా కింద పెట్టేసింది.

"ఇల్లు మంచిగనే ఉంటది బిడ్డా. గని రోజూ పొద్దూకినంక గీ వాసనొస్తది. పసిపిలగానితోని మీరుండలేరు. వేరేకాడ సూసుకోండ్రి."

వాళ్ళు వెళ్ళిపోయారు. గేటు వేసి వచ్చి ఆమె కుర్చీలో కూలబడింది. నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"గా ముక్క ఉండనియ్" అంది.

"మరి కిరాయి, పెద్దమ్మా?"

"జెర పరేషానే. ఏంజేస్తం?" కొంగుతో మొహం తుడుచుకుంది. "నీ సినిమా మా మిద్దె మీదనే ఎయ్యి. వాసనేదని అడిగిన సార్లను గూడ పిలువు. పొద్దూకినంకనే రమ్మను. ఆ పూట నేను సాంబ్రాణి ఎయ్య."