చేపల బజార్లో ఫ్లెక్సీ

డెలింగ్ ఏళ్ల తరబడి ఒకే డాక్యుమెంటరీ తీస్తోంది. దొంగలనీ మత్తుమందు బ్యాచ్ అనీ పేరుపెట్టి కుర్రాళ్లను కాల్పించిన మేయరంటే వాళ్ల ఊరి జనం ఎందుకంత పడిచస్తారు, మళ్లీ మళ్లీ ఆయనకే ఎందుకు ఓట్లు గుద్దుతారు, అదీ ఆమె పట్టుకున్న విషయం. చేపలమ్మే పసింగ్ నోరు విప్పాకే ఆ సినిమాకు ప్రాణం వచ్చింది. కొడుకు డోడాంగ్‌ను ఎవరు లాక్కెళ్లారో, శవం ఎక్కడ దొరికిందో పేర్లతో సహా చెప్పింది. ఊళ్లో మరెవరికీ ఆ ధైర్యం లేదు. ఆ ముక్క తీసేస్తే డెలింగ్ దగ్గర మిగిలేవి ఊరేగింపులూ చప్పట్లే.

అంతలో తమ్ముడికి కూతురు పుట్టింది. జ్ఞానస్నానంలో బిడ్డనెత్తుకుని పూచీ పడే జ్ఞానతల్లివి నువ్వేనన్నారు ఇంట్లోవాళ్లు. అడిగినప్పుడు కాదంటే బిడ్డకు అరిష్టమని అక్కడందరి నమ్మకం. లోకాన్నంతా నిలదీసే డెలింగ్ కూడా ఆ ఒక్క చోట నోరెత్తదు. సరేనంది. జ్ఞానతండ్రి ఎవరని అడగాలన్న ఇంగితం మాత్రం లేకపోయింది మహాతల్లికి!

జ్ఞానస్నానం రోజున చర్చి ముందు మేయర్ కారు ఆగింది. డెలింగ్ తల్లిని పక్కకు లాగింది.

"ఏంటమ్మా ఈ పని?"

"మీ నాన్న డయాలిసిస్ ఖర్చుకి ఆస్పత్రికి చీటీ ఎవరు రాసిస్తున్నారే? నీ కెమెరా ఇస్తోందా? నోర్మూసుకుని కొవ్వొత్తి పట్టుకో!"

మేయర్ పక్కకొచ్చి నిలబడ్డాడు. "బిడ్డ తరఫున ఇక మనం చుట్టాలం డెలింగ్. మన సినిమా ఎప్పుడు చూపిస్తావ్?" అన్నాడు.

మన సినిమాట! ఆమెకు ఒళ్లు మండిపోయింది. కానీ చేతిలో బిడ్డ, ఎదురుగా ఫోటోగ్రాఫర్. పెదాలు వాటంతటవే నవ్వాయి.

వారం తిరక్కుండా ఆ నవ్వు బజారుకెక్కింది. మేయరూ డెలింగూ, మధ్యలో బిడ్డ, పైన 'మనదంతా ఒకే కుటుంబం' అని ఇంత లావు అక్షరాలు. ఆ ఫ్లెక్సీని తెచ్చి తెచ్చి పసింగ్ కొట్టు వెనక గోడకే కట్టారు.

డెలింగ్ పడుతూ లేస్తూ వచ్చింది. పసింగ్ పొలుసు గీకుతూ తలెత్తలేదు.

"నా మాటలు నీ సినిమాలోంచి తీసెయ్."

"అట్లా అనకు పిన్నీ. నువ్వు లేకపోతే సినిమానే లేదు."

"ఆయన పక్కన పళ్లికిలించేదానికి నా కొడుకు చావు చెప్పుకున్నానని బజారంతా నవ్వుతోందే!"

"బిడ్డకు అరిష్టమని కాదనలేకపోయా. ఒట్టు పిన్నీ, ఆయనొస్తాడని నాకు తెలీదు."

పసింగ్ చేతిలో కత్తి ఆగింది. "నిజమే, అడిగితే కాదనకూడదు. నేనడిగితే ఆయనా కాదన్లేదు." మూతితో ఫ్లెక్సీ వైపు చూపించింది. "డోడాంగ్‌కి జ్ఞానతండ్రి ఎవరనుకున్నావ్? అప్పుడాయన ఉత్త కౌన్సిలర్. నా బిడ్డనెత్తుకుని ఇట్లాగే నవ్వాడు."

డెలింగ్ అన్నాళ్లు మాట్లాడించింది, ఈ ఒక్క ప్రశ్న అడగలేదు. పసింగ్ తడిచేతులు పట్టుకుంది.

"ఈ మాట కెమెరాకి చెప్పు పిన్నీ."

"చెప్తా. ఇక్కడే."

డెలింగ్ కెమెరా నిలబెట్టింది. ఎటు తిప్పినా పసింగ్ భుజం వెనక మేయర్, ఆయన పక్కన తనూ.

"కొంచెం అటు జరుగు పిన్నీ. పోనీ, మీ ఇంటికి పోదాం."

"జరగను. నీ మొహం కూడా పడాలి. పడితేనే చెప్తా."

ఇది బయటికొస్తే నాన్న చీటీ ఆగిపోతుంది. అమ్మ జన్మలో గడప తొక్కనివ్వదు. చూపించకపోతే ఈ ఫ్లెక్సీలో ఉన్నదే నిజమైపోతుంది. డెలింగ్‌కు ఏడుపొచ్చింది. కళ్లు తుడుచుకుని మీట నొక్కింది.

"చెప్పు పిన్నీ," అంది. "డోడాంగ్‌కి జ్ఞానతండ్రి ఎవరు?"