గట్టు తీసేసిన కిటికీ

ఈ రోజు నాకు సెలవు. మధ్యాహ్నం కంప్యూటర్‌లో గేమ్ ఆడుతుంటే, ఆఫీసు మెసేజ్ చూద్దామని గేమ్‌లోంచి బయటికొచ్చిన ప్రతిసారీ ఫుల్ స్క్రీన్ నల్లబడిపోయింది. విసుగొచ్చి సెట్టింగ్స్‌లో బోర్డర్‌లెస్ విండో, అంటే అంచుల్లేని కిటికీ, పెట్టాను. తెర నల్లబడడం ఆగింది గానీ, మెసేజ్‌లన్నీ నేరుగా గేమ్ మీదికే వచ్చి కూర్చున్నాయి. మూడోదానికి జవాబిస్తుండగా గేమ్‌లో చచ్చిపోయాను.

మరిపెడలో పొలం గట్టు పంచాయితీకి వెళ్లిన మా నాన్న, బాపు, అప్పుడే ఇంటికొచ్చాడు.

"ఏందిరా, గట్ల తల పట్టుకున్నవ్?"

"బోర్డర్ తీసేసిన బాపూ. అంటే, తెరకు గట్టు లేకుంట చేసిన."

"గట్టు తీసినంక పక్కోడు రాకుంట ఉంటడా?"

అంతలోనే గేమ్ మీదికి మా ఆఫీసు మేనేజర్ మెసేజ్ మళ్లీ వచ్చింది. సెలవు రోజుకు గట్టు పెట్టే సెట్టింగ్ ఎక్కడుందో మీలో ఎవరికైనా తెలుసా?